సత్యవేడుకు ఇవతల ఆగిన బస్సు

సాయంత్రం ట్రిప్పులో ఆడపిల్లలందరినీ దించి బస్సును షెడ్డులో పెట్టేసరికి మునికుమార్‌కు నడుం పైకి లేవడం లేదు. మధ్యాహ్నం డాబాలో తిన్న కుష్కా అన్నం పడలేదు. బొడ్డు చుట్టూ పేగులు తడిగుడ్డను పిండినట్టు మెలిపడి, కాసేపు వదిలి, మళ్ళీ మెలిపడుతున్నాయి. స్టీరింగు మీద నుదురు ఆనించి ఆ మెలి పోయేదాకా కూర్చుని, దిగి, ఓనరుకు ఫోను చేశాడు.

ఓనరు మోహన్‌కృష్ణ శ్రీసిటీ ఫ్యాక్టరీలకు బస్సులు తిప్పే కాంట్రాక్టరు. నగరి నుంచి చార్జర్లు తయారుచేసే ఫ్యాక్టరీకి పోయే బస్సు మునికుమార్‌ది. ఆ ఫ్యాక్టరీలో పనిచేసేవాళ్ళంతా ఆడపిల్లలే.

"సార్, కడుపులో బాగలేదు. రేపొక దినానికి ఎవురినన్నా పంపించండి."

"ఎవుర్ని పంపేది మునీ? బాలచంద్ర ఇప్పటికే రెండు రూట్లు సూసుకుంటా ఉండాడు. రేపు బస్సు పోకుంటే కంపెనీవోళ్ళు నన్ను బతకనిస్తారా?"

"నిలబడేదానికి గూడా అయ్యేట్టు లేదు సార్."

"నువ్వు నిలబడే పని యాడుండాది? కూర్చోనే గదా నడిపేది. మెడికల్ షాపుకు పొయ్యి మాత్ర ఏసుకో. తెల్లారికి సర్దుకుంటాది."

మెడికల్ షాపు ఢిల్లీబాబుది. అతను చదివింది మందుల చదువు కాదు. గోడకు తగిలించిన సర్టిఫికెట్‌లోని పేరు వేరే ఎవరిదో. అయినా ఆ వీధిలో జ్వరమొచ్చినా దగ్గొచ్చినా జనం మొదట వచ్చేది అతని దగ్గరికే. మునికుమార్ పొట్ట పట్టుకుని నిలబడగానే పైఅరలోంచి ఒక డబ్బా దించి, మాత్రల షీటును కత్తెరతో కత్తిరించి నాలుగు మాత్రలున్న ముక్కను చేతిలో పెట్టాడు. పేరు, హెచ్చరిక అచ్చయిన భాగం డబ్బాలోనే ఉండిపోయింది.

"ఇప్పుడొకటి, పొద్దున్నే ఒకటి. తగ్గకపోతే మద్దెలో ఇంకోటి ఏసుకోన్నా. ఏమీ కాదు."

అతను ఇంకేమీ అడగలేదు. మునికుమార్ కూడా అడగలేదు. నొప్పి పోతే చాలనుకున్నాడు.

ఇంట్లో భార్య జయంతి మజ్జిగలో మెంతిపొడి కలిపి ఇచ్చింది. గ్లాసు అందిస్తూ అతని ముఖం దగ్గరగా వంగి ఒక్క క్షణం ఆగింది. అతను తాగుడు మానేసి మూడేళ్ళయింది. ఈ మూడేళ్ళూ ప్రతి సాయంత్రం ఏదో ఒక వంకతో ఆమె అట్లా వంగుతూనే ఉంది. అతను చూసీ చూడనట్టు మజ్జిగ తాగి, మాత్ర మింగి పడుకున్నాడు.

తెల్లారేసరికి మెలి కొంచెం నెమ్మదించింది కానీ నాలుక పిడచకట్టుకుపోయి అంగిలికి అతుక్కుంటోంది. రెండో మాత్ర వేసుకున్నాడు. షెడ్డు వెనక గోడ పక్కన చాలాసేపు నిలబడినా ఒంటికి సరిగా రాలేదు. ఏడాదిగా ధార సన్నగానే వస్తోంది. సీట్లో కూర్చుని కూర్చుని అట్లా అయిందిలే అనుకునేవాడు. టైము మించిపోతోంది. వచ్చి బస్సెక్కాడు.

కూతురు పల్లవి ఎప్పటిలాగే మూడో వరసలో కిటికీ పక్కన కూర్చుంది. డిగ్రీ అయిపోయి ఆమె ఆ ఫ్యాక్టరీలోనే చేరింది. ముందు సీటు నందిని అనే అమ్మాయిది. చేతిలో ఫోను, చెవుల్లో పాట. పిచ్చాటూరులో ఆఖరి ఇద్దరు ఎక్కుతున్నప్పుడు కడుపులో మళ్ళీ ఒక మెలి తిరిగింది. మునికుమార్ జేబులోంచి మూడో మాత్ర తీసి నీళ్ళతో మింగాడు. ఆ నీళ్ళు గొంతు దిగినా నోరు తడవలేదు.

నాగలాపురం దాటాక రోడ్డు తూర్పుకు తిరుగుతుంది. రోజూ ఎదురెండే. రోజూ కళ్ళు కాస్త చికిలించి నడిపే దారే. ఆ వేళ అద్దం మొత్తం ఒక్కసారిగా తెల్లగా వెలిగిపోయింది. ఎండ కొట్టకుండా అద్దం పైనున్న పలకను కిందికి దించాడు. లాభం లేకపోయింది. మీటరులో అంకెలు బూజుపట్టినట్టు ఒకదాంట్లో ఒకటి కలిసిపోయాయి. ముందు ఒక లారీ ఉంది. అది పోతోందో నిలబడి ఉందో తెలియలేదు. బ్రేకు మీద కాలు వేశాడు. అంతలో ఆ తెలుపులోంచి పాలక్యాను కట్టుకున్న మోపెడ్ ఊడిపడినట్టు వచ్చి, బస్సు పక్క అద్దాన్ని రాసుకుంటూ పోయింది. దాని మీది మనిషి ఏదో తిట్టాడు.

మునికుమార్ గుండె దడదడలాడింది. ఒళ్ళంతా సెగలా ఉంది కానీ చేతుల్లో చెమట లేదు. చిన్న ఉక్కకే చొక్కా తడిసిపోయే మనిషి. తల ఒక పక్కకు ఒరిగిపోతున్నట్టు అనిపించింది. ఇండికేటరు వేసి, ఇటుకబట్టీ ఎదురుగా రోడ్డు దింపి బస్సు ఆపాడు. తాళం తిప్పి, తీసి, పిడికిట్లో పెట్టుకున్నాడు.

"ఏమన్నా, ఆపేసినావు?" అంది నందిని.

"నా వల్ల కావడంలేదమ్మా. కండ్లు అగపడ్డంలే." నాలుక తిరగక మాట ముద్దగా వచ్చింది.

"గేటు మూసేస్తారన్నా. సగం దినం జీతం పోతాది."

"నిదానంగా పోన్నా. ఇంకెంత దూరం, సత్యవేడు దాటితే వొచ్చేసినట్టే గదా."

"నిదానంగా పోయినా ఎదురొచ్చేది తెలీడంలేదమ్మా. ఇంతమందిని పెట్టుకోని నేను నడపను."

అతను దిగబోయి తూలాడు. తలుపు పట్టుకుని నిలదొక్కుకుని, రోడ్డు పక్క రాయి మీద కూర్చున్నాడు. ముఖం కందగడ్డలా ఎర్రబడి ఉంది. వెనక సీట్లలోంచి ఎవరో అన్నారు: "తాగుండాడు." ఆ మాట బస్సులో ముందుకు వచ్చింది. నందిని ఫోను ఎత్తి పట్టుకుంది. మునికుమార్ మూడో వరస కిటికీ వైపు చూశాడు. అక్కడ కూతురు ఉందని తెలుసు, ముఖం మాత్రం మసకగా ఉంది. ఆమె మెడలోని ఐడీ కార్డు దారాన్ని వేలికి చుట్టి, విప్పి, మళ్ళీ చుడుతోంది.

ఎవరో చేసిన ఫోనుకు బాలచంద్ర సత్యవేడు నుంచి మోటారు సైకిలు మీద వచ్చాడు. మోహన్‌కృష్ణ బస్సులన్నిటి మీదా అజమాయిషీ అతనిదే.

"బాలా, నేను తాగలేదు," అన్నాడు మునికుమార్. "కడుపునొప్పికి మాత్ర ఏసుకున్న్యా. యాడ ఊదమంటే ఆడ ఊదతా. స్టేషనుకైనా సరే, ఆస్పత్రికైనా సరే, తీసకపో."

బాలచంద్ర వంగి అతని ముఖంలో ముఖం పెట్టి వాసన చూశాడు. ఇంకోసారి చూశాడు. తర్వాత లేచి, అందరికీ వినిపించేట్టు, "కండ్లు సూడండి ఎట్లుండాయో. నల్లగుడ్డు ఇంత విచ్చుకోనుండాది. ఎక్కండమ్మా, టైము అయిపోతా ఉండాది," అన్నాడు.

మునికుమార్ తాళాన్ని తానే అందించాడు. కిందికి దిగినవాళ్ళంతా ఎక్కారు. పల్లవి చివర మిగిలింది.

"పల్లవీ, నువ్వన్నా చెప్పమ్మా."

ఆమె అతన్ని చూడలేదు. "మూడేండ్లాయె గదా నాయనా. మళ్ళా ఎందుకు?" అని మెల్లగా అని మెట్టెక్కింది. బాలచంద్రే నడుపుకుంటూ బస్సు తీసుకుపోయాడు.

అతను ఇల్లు చేరేసరికి మధ్యాహ్నం దాటింది. వీడియో అతనికంటే ముందే చేరింది. జయంతి పవర్‌లూమ్ షెడ్డులో నూలు కండెలు చుడుతుంటే పక్కనామె ఫోనులో చూపించిందట. ఆమె కళ్ళు ఏడ్చి ఉబ్బి ఉన్నాయి. ఈసారి వంకేమీ లేకుండా అతని గడ్డం పట్టుకుని నోటి దగ్గర ముక్కు పెట్టింది. పెట్టి వెనక్కి జరిగింది.

"ఏం తాగితే వాసన రాదు?" అని అడిగింది.

అప్పటికే అతనికి అంతకంటే పెద్ద బాధ మొదలైంది. తెల్లవారినప్పటి నుంచి ఒంటికి రాలేదు. పొద్దు వాలేసరికి పొత్తికడుపు కుండలా ఉబ్బింది. గోడ పట్టుకుని నిలబడి, కూర్చుని, మళ్ళీ నిలబడి, చివరికి పసివాడిలా ఏడ్చాడు. ఆ ఏడుపు చూసి జయంతికి భయం పుట్టింది. ఆటో పిలిచి సర్కారు ఆసుపత్రికి తీసుకుపోయింది. పల్లవి సాయంత్రం బస్సు దిగి నేరుగా అక్కడికే వచ్చింది.

డ్యూటీలో ఉన్న డాక్టరు హేమశ్రీ గొట్టం వేయించింది. సంచి నిండుతుంటే మునికుమార్ కళ్ళు మూసుకుని గోడ వైపు తిరిగాడు. ఆమె అతని కనురెప్ప ఎత్తి టార్చి వేసి చూసి, "ఏం మందు వేసుకున్నావు?" అంది.

అతను జేబులోంచి ఒక మాత్ర మిగిలిన ముక్క తీశాడు. వెనక పేరు లేదు. పల్లవి ఢిల్లీబాబుకు ఫోను చేసి ఇచ్చింది. అతను డైసైక్లోమిన్ అని చెప్పాడు.

"ఎన్ని?"

"రాత్రి నుంచి మూడమ్మా. నాది డ్రైవరు పని."

డాక్టరు కుర్చీ లాక్కుని కూర్చుంది. "చూడప్పా. పేగు మెలిపెట్టకుండా సడలించే మందు ఇది. మంచిదే, మేమూ రాస్తాం. కానీ అది పేగు దగ్గరే ఆగదు. కంటిపాపను సడలిస్తుంది, చూపు మసకబారి వెలుతురు ఓర్చుకోలేవు. మూత్రసంచిని సడలిస్తుంది, అది మూత్రాన్ని బయటికి నెట్టలేదు. నోరు ఎండుతుంది, తల తిరుగుతుంది, చెమట పట్టదు. అందుకే ఇది వేసుకుని ఎండలో కష్టపడకూడదు, బండి అసలు నడపకూడదు. నీకు ప్రోస్టేట్ గ్రంథి కొంచెం వాచి ఉంది. అట్లాంటివాళ్ళు, కంట్లో నీటికాసులు, అదే గ్లకోమా, ఉన్నవాళ్ళు డాక్టరుకు చెప్పకుండా దీన్ని ముట్టకూడదు. ముసలివాళ్ళకు మతి తడబడుతుంది. ఆరు నెలల్లోపు బిడ్డలకైతే ఊపిరికే ప్రమాదం. ఇవన్నీ అడిగి ఇయ్యాల్సిన మందు."

"ఎవురూ ఏమీ అడగలేదమ్మా," అన్నాడు మునికుమార్.

"ఒకటికి తగ్గకపోతే ఇంకోటి మింగడం కాదు. నొప్పి ఆగకపోయినా, జ్వరం, వాంతులు, రక్తం కనిపించినా ఆసుపత్రికి రావాలి."

జయంతి మంచం కమ్మీ పట్టుకుని నిలబడింది. "అయితే తాగలేదామ్మా?"

"తాగడమేంటి?" అంది డాక్టరు, ఆమె ముఖంలోకి చూసి. "ఎవరన్నారు?"

పల్లవి వరండాలోకి పోయింది.

గొట్టం కొన్నాళ్ళు ఉంచుకోమని ఇంటికి పంపారు. మరుసటి రోజు మునికుమార్ లుంగీ కట్టుకుని, మూత్రం సంచిని గుడ్డసంచిలో పెట్టి చేత్తో పట్టుకుని మోహన్‌కృష్ణ ఆఫీసుకు పోయాడు. కూర్చోమంటే కూర్చోలేదు. డాక్టరమ్మ చెప్పిందంతా చెప్పాడు. మోహన్‌కృష్ణ మధ్యలో అడ్డు రాకుండా విన్నాడు.

"నువ్వు తాగలేదని నాకు తెలుసు మునీ," అన్నాడు చివరికి. "బాలచంద్ర ఆపొద్దే చెప్పినాడు, వాసన లేదని."

"తెలిసీ ఎందుకు సార్ అట్ల?"

"నేను కంపెనీకి ఏం చెప్పాల? మాత్ర వల్లనంటే, బాగలేనోణ్ణి బండెందుకెక్కించినావని నన్నడగతారు. తాగినాడంటే తప్పు నీది ఒక్కడిదే. పోతే నువ్వే పోతావు, బస్సులన్నీ నిలబడతాయి." గొంతు తగ్గించాడు. "నేను నిన్ను వొదిలేయను. రేపు నాతో రా. పర్సనల్ మేనేజరు దగ్గర తాగినాను, తప్పయిపోయింది అని ఒక మాటను. తీసేసినట్టు తీసేస్తా. నెల తిరగనీ, కాళాస్తి రూటులో పెడతా. నీకూ బాధ లేదు, నాకూ బాధ లేదు."

ఇంటికొచ్చి ఆ మాట చెప్పాడు. చెబితే ఇద్దరూ మండిపడతారనుకున్నాడు. జయంతి బియ్యంలో రాళ్ళు ఏరుతూనే ఉంది.

"నెల గదా," అంది తర్వాత. "ఊరంతా ఎట్లాగూ అదే అనుకుంటా ఉండాది. కొత్తగా పొయ్యేదేముండాది?"

మునికుమార్ పల్లవి వైపు చూశాడు.

"చెప్పెయ్ నాయనా," అంది ఆమె. "నువ్వు తాగలేదని మాకు తెలుసు. అది చాలదా?"

అతను గుడ్డసంచి గోడకు ఆనించి పడుకున్నాడు. సారా వాసన తగిలితే ఇప్పటికీ గొంతులో ఏదో లేస్తుంది. ఆ దుకాణాలున్న వీధులు తప్పించి చుట్టుతిరిగి నడిచిన రోజులున్నాయి. పెళ్ళిళ్ళలో స్నేహితులు చేయి పట్టి లాగితే విడిపించుకుని అన్నం తినకుండా వచ్చేసిన రోజులున్నాయి. ఆ కష్టం ఎవరికీ చెప్పుకోలేదు. చెప్పుకోదగ్గదిగా అనిపించలేదు. రేపు ఒక్క మాటంటే అదంతా ఏ లెక్కకూ రాకుండా పోతుంది.

మరునాడు మోహన్‌కృష్ణ కారులో శ్రీసిటీకి పోయారు. ఫ్యాక్టరీ పర్సనెల్ మేనేజరు నరేంద్ర వయసులో చిన్నవాడు. ఏసీ గదిలో ల్యాప్‌టాప్ వెనక కూర్చున్నాడు. మోహన్‌కృష్ణ నిలబడే మాట్లాడాడు. ఇరవై ఏళ్ళుగా బండి నడుపుతున్న డ్రైవరు, పొరపాటు జరిగింది, తీసేశాం, మనిషి మీకు క్షమాపణ చెప్పుకోవాలని వచ్చాడు.

"నిజమేనా?" అని నరేంద్ర మునికుమార్‌ను అడిగాడు.

"తాగలేదు సార్. ముందునాడు కడుపునొప్పని సెలవడిగినా, ఈయన ఇయ్యలేదు. మాత్ర ఏసుకోని ఎక్కమన్న్యాడు. ఏసుకున్న్యా. కండ్లు కనపడకపాయె. గుద్దకముందే ఆపినా. నేను చేసింది అంతే."

నరేంద్ర మోహన్‌కృష్ణను చూశాడు. మోహన్‌కృష్ణ నవ్వాడు. "దొరికినాక అందరూ ఇట్నే అంటారు సార్."

"సెలవు అడిగాడా?"

"వీళ్ళు రోజూ అడగతానే ఉంటారు సార్."

నరేంద్ర ఏదో అడగబోయాడు. అంతలో టేబులు మీద ఫోను మోగింది. అందులో మాట్లాడుతూనే, "మీరూ మీరూ తేల్చుకోండి. డ్రైవర్ని మార్చారు కదా, చాలు," అని చేయి ఊపాడు.

బయట మోహన్‌కృష్ణ కారు తలుపు తీసి, "ఇంక నగరిలో నీ చేతికి ఎవురన్నా స్టీరింగు ఇస్తారేమో సూస్తా," అని ఒక్కడే ఎక్కి వెళ్ళిపోయాడు. మునికుమార్ గుడ్డసంచి పట్టుకుని ఎండలో మెయిన్ రోడ్డు దాకా నడిచి, బస్సులు మారి సాయంత్రానికి నగరిలో దిగాడు.

దారిలో ఢిల్లీబాబు పిలిచాడు. "వీడియో నాకూ వొచ్చిందన్నా. ఏమనుకోవద్దు, నేను గూడా తాగినావనే అనుకున్న్యా. ఆ మాత్రలు నేను ఎంతమందికి ఇచ్చుంటానో. ఎవురికీ ఏమీ కాలేదు."

"వొచ్చి చెప్పినోళ్ళు లేరేమో," అన్నాడు మునికుమార్.

కౌంటరు దగ్గర ఒక ఆడమనిషి చంటిబిడ్డను భుజాన వేసుకుని నిలబడి ఉంది. కడుపునొప్పికి చుక్కల మందు అడిగింది. ఢిల్లీబాబు సీసా తీశాడు.

"ఎన్ని నెలల బిడ్డమ్మా?" అన్నాడు మునికుమార్.

"మూడో నెల."

"ఢిల్లీ, అది నాకిచ్చిన మందేనా?"

ఢిల్లీబాబు సీసా మీది పేరు వైపు చూశాడు. చూసి మెల్లగా తల ఊపాడు.

"ఆరు నెలల్లోపు బిడ్డకు ఊపిరాడదని డాక్టరమ్మ చెప్పింది."

ఆడమనిషి మునికుమార్‌ను, చేతిలోని గుడ్డసంచిని, అందులోకి దిగిన గొట్టాన్ని చూసి, బిడ్డను ఇంకో భుజానికి మార్చుకుంది. "ఈయన బస్సాయన గదా," అంది ఢిల్లీబాబుతో. "ఆయన మాటేందిలే, నువ్వియ్యి."

ఢిల్లీబాబు సీసాను మళ్ళీ అరలో పెట్టేశాడు. "ఆస్పత్రికి తీసకపోమ్మా," అన్నాడు, ఎవరి ముఖమూ చూడకుండా. ఆమె ఇద్దర్నీ తిట్టుకుంటూ పోయింది.

ఆఫీసులో జరిగింది ఇంట్లో చెప్పాడు. జయంతి కంచం పెట్టి పక్కకు పోయింది. పల్లవి అన్నం తింటూ ఒకసారి తలెత్తి అతన్ని చూసి, మళ్ళీ దించుకుంది.

మరుసటి సాయంత్రం కంపెనీ బస్సు వచ్చే వేళ దాటిపోయినా పల్లవి రాలేదు. జయంతి వీధి చివరిదాకా రెండుసార్లు పోయి వచ్చింది. చీకటి పడబోతుండగా వచ్చింది పల్లవి. చెప్పులకు, ప్యాంటు అంచులకు దుమ్ము. బ్యాగు గూట్లో పెట్టి, కుండలోంచి చెంబు ముంచుకుని నిలబడే తాగింది.

"బస్సు చెడిపాయెనా?" అన్నాడు మునికుమార్.

"లేదు. నేను ఎక్కలేదు."

"ఎక్కనియ్యలేదా?"

"బాలచంద్రన్న ఎక్కమనే అన్న్యాడు. 'మీ నాయన తాగితే నువ్వేం చేస్తావు పాపా, ఎక్కు' అన్న్యాడు." చెంబు బోర్లించింది. "మా నాయన తాగలేదు, నీకూ తెలుసు అన్న్యా. బస్సులో అందరూ విన్న్యారు. ఎవురూ ఏమన్లేదు. నందిని ఫోను సూసుకుంటా ఉణ్ణింది."

"తర్వాత?"

"పోనిమ్మన్న్యా. రూటు బస్సుల్లో మారి మారి పొయ్యినా. గేటు మూసేసుండారు. సగం దినం పాయె."

జయంతి కొంగుతో కూతురి ముఖం తుడిచింది. పల్లవి ఆమె చేయి తప్పించుకుని గడప దగ్గర కూర్చుంది. కాలి మడమ దగ్గర చెప్పు కోసుకుపోయి ఎర్రగా ఉంది. దాని మీద వేలితో ఉమ్మి రాసుకుంటోంది.

"రేపో?" అన్నాడు మునికుమార్.

"రేపూ అంతే. తెల్లారకముందు పిచ్చాటూరుకు ఒక బస్సుండాదంట. అది దొరికితే గేటుకు అందుకోవచ్చు."

"అంత పొద్దున స్టాండుదాకా ఒక్కదానివే ఎట్ల పోతావు?"

"పోతా."

అతను లేచి, గుడ్డసంచి ఎడమచేతికి మార్చుకుని, గోడకు ఆనించిన సైకిలు దగ్గరికి పోయి టైర్లు నొక్కి చూశాడు. వెనక చక్రంలో గాలి లేదు.

"నేను గూడా నడిచి వొస్తాలే," అన్నాడు.